ఏ కన్ను?

పొయ్యి వెనక గోడకి పట్టిన నూనె జిడ్డు వదలగొడుతుంటే, తెల్ల పలకల మధ్య గీత ఒకటి వంకరగా కనిపించింది. "వీడి పనితనం తగలెయ్య" అని ముందుగా ఆ పలకలు అతికించిన మేస్త్రీని తిట్టుకుంది. ఆ తర్వాత అనుమానం వచ్చింది. ఈ ఇంట్లో కాపురం పెట్టినప్పటి నుంచి ప్రతి సెలవురోజూ తోముతున్న గోడే ఇది. ఏ పలక మూల విరిగిందో, ఏ సందులో పసుపు మరక కదలకుండా కూర్చుందో చీకట్లో అడిగినా చెప్పగలదు. అలాంటిది ఇంత వంకర ఇన్నాళ్ళూ కనపడకుండా ఎలా ఉంది? చూపు పక్క పలక మీదికి జరిపింది. వంకర కూడా వెంటే జరిగింది. నుదుటి మీద చెమట తుడుచుకోవడానికి ముంజేయి ఎత్తితే ఎడమ కన్ను మూసుకుపోయింది. గోడ మీది గీతలన్నీ దారం పట్టి గీసినట్టు నిటారుగా నిలబడ్డాయి. చెయ్యి తీసి కుడి కన్ను మూసి చూసింది. గీతలు మళ్ళీ వంగాయి, మధ్యలో ఎవరో వేలితో నొక్కినట్టు. మేస్త్రీ, పాపం, ఏ తప్పూ చెయ్యలేదు.

చేతిలో పీచు చేతిలోనే ఉండిపోయింది. ఆమె ఉద్యోగమే కళ్ళ జబ్బులతో. అలాగని డాక్టరు కాదు, నర్సు కాదు. కంటి డాక్టర్లు పేషెంట్ల గురించి రాసిన రాతలు కంప్యూటర్లో చదివి, ఏ జబ్బుకి ఏ కోడ్ అన్నది వేసే ఉద్యోగం. అది చూసే ఇన్సూరెన్స్ వాళ్ళు బిల్లు ఒప్పుకోవడమో తిప్పికొట్టడమో చేస్తారు. జన్మలో ముఖం చూడని మనుషుల కళ్ళు రోజూ ఆమె ముందు నుంచి వరసగా వెళ్ళిపోతుంటాయి. మామూలు శుక్లాలు, నీటికాసులు కొత్తగా చేరినవాళ్ళకి ఇస్తారు. ఎక్కడా ఇమడని వింత జబ్బులు, డాక్టరుకే సరిగ్గా అంతుపట్టని కళ్ళు ఆమెకి వస్తాయి. నిటారుగా ఉన్నవి వంకరగా కనిపించడానికి కూడా ఒక కోడ్ ఉంది. ఎన్నోసార్లు వేసింది. వేసినప్పుడు అదొక పని, అంతే. ఇప్పుడు అదే వంకర తన వంటింటి గోడ మీదికి వచ్చి కూర్చుంటే, పేరు తెలిసినందువల్ల భయం తగ్గకపోగా రెట్టింపైంది. ఇలాంటి కళ్ళలో కొన్ని బాగుపడతాయని తెలుసు. ఆలస్యంగా వస్తే కొన్ని బాగుపడవని కూడా తెలుసు.

హాల్లోకి వెళ్ళి భర్తతో చెప్పింది. "ఏవండీ, కంట్లో ఏదో తేడాగా ఉంది. గీతలు వంకరగా కనిపిస్తున్నాయి."

ఆయన ఫోన్ లోంచి తల ఎత్తాడు. చెడ్డవాడేం కాదు, ఆ ముఖంలో ఆదుర్దా కూడా ఉంది. "రోజంతా కంప్యూటర్ ముందేగా నువ్వు. కళ్ళు అలిసిపోయి ఉంటాయి. నిద్ర చాలట్లేదు, అంతేగా?"

"అంతేనేమో" అంది.

"కాసేపు పడుకో, తగ్గిపోతుంది. అన్నట్టు వంట అయిపోయిందిగా?"

అయిపోయింది. మిగిలిన జిడ్డు తోముతూ ఆమె ఆయన మోకాలి గురించి ఆలోచించింది. కిందటేడు ఆయన మోకాలు నొప్పి చేసింది. కుడి మోకాలు. అది కుడి మోకాలని వీధిలో తెలియనివాళ్ళు లేరు. పాలవాడు కూడా "సారు గారి కుడి కాలు ఎలా ఉందమ్మా" అని అడిగేవాడు. ఆ మోకాలికి ఒక దిండు, ఒక కుర్చీ, వేడినీళ్ళ సంచి, కాపడానికి ఒక వేళ. ఇంటిల్లిపాదీ ఆ మోకాలి చుట్టూ తిరిగారు. ఆమె అందరికంటే ఎక్కువ తిరిగింది. అందుకు బాధ లేదు, నొప్పి నొప్పే. కానీ ఇవాళ తన నోటి నుంచి కన్ను అని ఒకటి బయటికొస్తే, ఆయన చెవిలో పడేసరికి అది 'కళ్ళు' అయిపోయింది. ఆ కళ్ళు అలిసిపోయాయి. అలిసిపోయిన కళ్ళు పడుకుంటే సర్దుకుంటాయి. అక్కడికి ఫైలు మూసేశారు.

ఫైలు మూసెయ్యడం అంటే ఏమిటో ఆమెకి బాగా తెలుసు. వాళ్ళ ఆఫీసులో చాలా జబ్బుల కోడ్లకి చివరి అంకె కన్ను ఏదో చెబుతుంది. కుడి కన్నైతే ఒకటి, ఎడమైతే రెండు, రెండూ అయితే మూడు. డాక్టరు ఏ కన్నో రాయడం మరిచిపోతే తొమ్మిది. తొమ్మిది అంటే జబ్బు ఉంది, మనిషి ఉంది, ఏ కన్నో మాత్రం ఎవరికీ తెలియదు, ఎవరూ అడగలేదు. ఉద్యోగంలో చేరిన కొత్తలో తొమ్మిది వెయ్యడానికి ఆమెకి చెయ్యి వచ్చేది కాదు. మనిషికి ఉన్నవే రెండు కళ్ళు, అందులో ఏదో చెప్పలేకపోవడమేమిటని గింజుకునేది. డాక్టరుకి ప్రశ్న రాసి పంపేది. ఆ ప్రశ్న రాయడానికీ ఒక పద్ధతి ఉంది. ప్రశ్నలో జవాబు పెట్టకూడదు. 'ఎడమ కన్నే కదండీ?' అని రాస్తే తప్పు. పనుల్లో ఉన్న డాక్టరు 'అవును' అనేసి పోతాడు. 'ఏ కన్ను?' అని మాత్రమే రాయాలి. రాసి, జవాబు వచ్చేదాకా ఆగాలి. ఆ ఆగడమే వాళ్ళ టీమ్ లీడరుకి గిట్టేది కాదు. అమ్మాయిలందరూ వెనకాల అతన్ని స్టాప్‌వాచ్ అని పిలుస్తారు. "మేడమ్, డాక్టర్లని విసిగించకండి. రాయలేదంటే తొమ్మిది కొట్టండి, ముందుకెళ్ళండి" అనేవాడు. చెవినిల్లు కట్టుకుని అంటూంటే రాయైనా అరుగుతుంది. ఆమె కూడా అరిగింది. ఇప్పుడు తొమ్మిది వెయ్యడానికి రెప్ప కూడా వెయ్యదు.

ఆ పద్ధతి వల్ల ఆమెకి ఒక పాడు అలవాటు అబ్బింది. ఇంట్లో ఎవరు ప్రశ్న అడిగినా అందులో జవాబు ఎక్కడ దాక్కుందా అని వెతుకుతుంది. వెతకాల్సిన పనే ఉండదు, ఎదురుగానే ఉంటుంది. "ఆదివారం మావాళ్ళు వస్తున్నారు, నువ్వు ఖాళీయేగా?" "మా అమ్మతో నీకేం ఇబ్బంది లేదుగా?" "ఉద్యోగం చేస్తున్నావని ఇంటిపని కష్టంగా ఏం లేదుగా?" పెళ్ళిచూపుల్లో మామగారు కూడా అలాగే అడిగారు. "అబ్బాయి నచ్చాడుగా, అమ్మాయ్?" ఆమె తల ఊపింది. అప్పటినుంచి ఊపుతూనే ఉంది. నచ్చాడన్నది నిజమే, అది వేరే సంగతి. నచ్చకపోయినా ఊపడానికి అదే తల.

మర్నాడు ఆఫీసులో ఎడమ కన్ను సగం మూసుకుని పనిచేసింది. పక్క సీట్లో అమ్మాయి "ఎవరికి కన్ను కొడుతున్నారక్కా?" అని నవ్వితే తనూ నవ్వింది. మూసి మూసి రెప్ప నొప్పి పుట్టాక రెండు కళ్ళూ తెరిచే చదివింది. అక్కడే కొంప మునిగింది. వాక్యాల వరసలు వంగి ఒకదాని మీదికి ఒకటి ఒరిగాయి. ఒక పేషెంటుకి రాసిన 'ఎడమ' అన్న మాట కింది పేషెంటుదనుకుని కోడ్ వేసేసింది. ఇన్నేళ్ళ ఉద్యోగంలో తొమ్మిదులు వేసింది గానీ ఒక కన్నుకి బదులు ఇంకో కన్ను ఎప్పుడూ వెయ్యలేదు. తనిఖీ చేసేవాళ్ళకి దొరికింది కాబట్టి సరిపోయింది.

టీమ్ లీడరు తన సీటు దగ్గరికి పిలిచాడు. "కొత్తపిల్లలు చేశారంటే అర్థం ఉంది, మీరేంటి మేడమ్? ఇంటి గొడవలు ఇంట్లోనే వదిలేసి వస్తారుగా?"

"వస్తానండీ."

"ఒంట్లో అదీ బాగానే ఉందిగా?"

కన్ను బాగోలేదని చెప్పాలని నాలుక చివరిదాకా వచ్చింది. కళ్ళతో చేసే ఉద్యోగం, కన్ను బాగోలేదంటే ఏమవుతుందో చిన్నపిల్లాడైనా చెబుతాడు. ముందు ఫైళ్ళు తగ్గిస్తారు, ఆ తర్వాత మనిషిని తగ్గిస్తారు. ఆ ఉద్యోగం పెద్దదేం కాదు. కానీ ఇంట్లో ఆమెది అని చెప్పుకోదగ్గది అదొక్కటే. కుర్చీలో కూర్చుని, ఎవరికీ ఏమీ అందించకుండా, తన బుర్రతో తను చేసుకునే పని.

"బాగానే ఉందండీ" అంది.

సాయంత్రం ఇంటికొచ్చి, కూతురి యూనిఫాం నానబెట్టి, అందరికీ టీ పెట్టింది. భర్త కప్పులో పోస్తుంటే టీ సగం కప్పులోనూ సగం పళ్ళెంలోనూ పడింది. ఆయన పగలబడి నవ్వాడు. "ఇన్నాళ్ళకి అత్తాకోడళ్ళకి ఒక్క విషయంలో పొత్తు కుదిరింది!"

ఆ ఇంట్లో అది పాత జోకు. అత్తగారు ఏది పోసినా పక్కన పోస్తుంది. ఆవిడ గ్లాసులో వేలు పెట్టి మరీ నీళ్ళు పోస్తుంది. కాపురానికి వచ్చిన కొత్తలో అది చూసి కోడలికి ఒళ్ళు జలదరించేది. అంతకంటే పెద్ద గాయం ఇంకొకటి ఉంది. మొట్టమొదటి వారంలో, అత్తగారు కిటికీ దగ్గర కూర్చుని ఉంటే, పక్కన నిలబడి నవ్వుతూ టీ కప్పు చాచింది. ఆవిడ అందుకోలేదు. ముఖం కూడా తిప్పలేదు. కిటికీలోంచి బయటికి చూస్తూ అలాగే కూర్చుంది. కప్పు వేడి వేళ్ళకి తగులుతుంటే చాచిన చెయ్యి చాచినట్టే ఉండిపోయింది కొత్తకోడలు. చివరికి కప్పు గట్టు మీద పెట్టి లోపలికొచ్చి ఏడ్చింది. ఆ రోజే తల్లికి ఫోన్ చేసి, "మా అత్తగారికి పొగరమ్మా, గోడైనా నయం" అని చెప్పింది. ఆ తర్వాత అలాంటివి చాలా జరిగాయి. పక్కనే నిలబడి చెయ్యి ఊపినా పలకదు, పళ్ళెం చాచినా పట్టుకోదు. వాటన్నిటినీ కోడలు మనసులో ఒకదాని మీద ఒకటి పేర్చి పెట్టుకుంది. పైకి మాత్రం అత్తయ్యా అంటే అత్తయ్యా, అంతే.

జోకు వేసినప్పుడల్లా అత్తగారు కూడా అందరితో పాటు నవ్వుతుంది. ఇవాళ నవ్వలేదు. కప్పు వైపు చూసింది, కోడలి ముఖం వైపు చూసింది. కోడలు గుడ్డ కోసం వంటింట్లోకి వెళ్తే, వెనకాలే వచ్చింది.

"ఏ కన్ను?" అంది.

"ఏంటత్తయ్యా?"

"గీతలు వంగేది. నిన్న వాడితో అంటుంటే విన్నాను. ఏ కన్నులో?"

ఆమె చేతిలో గుడ్డ ఉండ చుట్టుకుంది. చిన్న ప్రశ్న. దాంట్లో 'కదా' లేదు, 'లేదుగా' లేదు, 'అంతేగా' లేదు. ఎంత తరచి చూసినా ఎక్కడా జవాబు దాక్కుని లేదు. ఆ ఇంట్లో ఆమెని అలాంటి ప్రశ్న అడిగినవాళ్ళు అప్పటిదాకా లేరు. అడిగి, జవాబు కోసం ఆగినవాళ్ళు అసలే లేరు. ఆవిడ ఆగింది.

"ఎడమ" అంది.

"నాది కుడి" అంది అత్తగారు.

కోడలికి వెంటనే అర్థం కాలేదు. ఆవిడ కూర గురించి చెప్పినంత మామూలుగా చెప్పుకుపోయింది. "ముందు గుమ్మం వంగింది. మీ మామయ్యతో చెప్పాను. 'వంకర గుమ్మానిది కాదే, నీ బుర్రది' అన్నారు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. నవ్వకపోతే ఇంకో మాట పడాలిగా. కొన్నాళ్ళకి మధ్యలో మబ్బు పట్టింది. ఆ మబ్బు పక్కలకి పాకింది. ఇప్పుడు ఆ కంటికి దీపం ఉందో లేదో కూడా తెలీదు."

"ఎవరితోనూ చెప్పలేదా అత్తయ్యా?"

"చెబితే నవ్వారుగా. మళ్ళీ ఎవరూ అడగలేదు. అయినా వంటకి ఒక్క కన్ను చాలే అమ్మాయ్. గ్లాసులో నీళ్ళు ఎక్కడిదాకా వచ్చాయో వేలు చెబుతుంది."

కోడలు స్టవ్ గట్టు పట్టుకుని నిలబడింది. కిటికీ దగ్గర కుర్చీ కళ్ళముందుకొచ్చింది. తను నిలబడ్డది ఏ పక్కన? కుడి పక్కన. పేర్చి పెట్టుకున్నవన్నీ ఒక్కొక్కటే తీసి చూసింది. పళ్ళెం చాచింది కుడి పక్కనుంచే. చెయ్యి ఊపిందీ అటునుంచే. పొగరు కాదు, పాడు కాదు. ఊరందరికీ శకునం చెప్పే బల్లి తను కుడితిలో పడ్డట్టు, ఎక్కడెక్కడి మనుషుల కళ్ళకో కోడ్లు వేసే తను, ఇంట్లో ఎదురుగా తిరిగే కన్నుకి తొమ్మిది వేసి ఊరుకుంది. అడగలేదు. అందరిలాగే తనూ అడగలేదు. సిగ్గుతో ఏడుపొచ్చింది. ఏడ్చింది కూడా.

"ఏడుపెందుకిప్పుడు? రేపే వెళ్ళి చూపించుకో" అని అత్తగారు ఆమె చేతిలో గుడ్డ లాక్కుంది. "నేను నవ్వి ఊరుకున్నాను, కన్ను పోయింది. నువ్వు నవ్వకు. వాడికి మాత్రం నా సంగతి చెప్పకు. ఇప్పుడు తెలిసి ఏం లాభం, బాధపడతాడు."

తెల్లారి ఆమె టీమ్ లీడరుకి మెసేజ్ పెట్టింది. 'సెలవు ఇస్తారా' అని మొదలుపెట్టి, చెరిపేసి, 'ఈరోజు రాను. నా ఎడమ కన్ను చూపించుకోవాలి' అని పంపింది. ఉద్యోగం ఉంటుందో ఊడుతుందో తెలియదు. పంపేశాక వెనక్కి తీసుకోవాలనిపించలేదు.

"ఇవాళేనా? ఆదివారం వెళ్దాంలే" అన్నాడు భర్త.

"ఇవాళే. అత్తయ్య కూడా వస్తున్నారు."

"అమ్మెందుకు?"

"తోడు" అంది అత్తగారు చెప్పులు వేసుకుంటూ. ఆయన ఇద్దరినీ మార్చి మార్చి చూసి, బండి తాళాలు తీసుకున్నాడు.

డాక్టరమ్మ ఊపిరాడని పనిలో ఉంది. బయట బెంచీల నిండా జనం. కంప్యూటర్ వైపే చూస్తూ, "ఏంటండీ సమస్య?" అని అడిగింది. ఎవరిని అడిగిందో గానీ భర్త అందుకున్నాడు. "ఏం లేదండీ, రోజంతా కంప్యూటర్ పని. కళ్ళు అలిసిపోయాయి."

డాక్టరమ్మ వేళ్ళు కీబోర్డు మీద కదిలాయి. "స్ట్రెయిన్, అంతేకదమ్మా?"

ఆమె తల అలవాటుగా ఊగబోయింది. ఆ వేళ్ళు కొడుతున్న అక్షరాలు ఎక్కడికి పోతాయో ఆమెకి తెలుసు. ఎక్కడో ఒక ఆఫీసులో తనలాంటిదే ఒకామె, రాత్రి వంటకి ఏం చెయ్యాలా అని ఆలోచిస్తూ ఆ వాక్యం చదువుతుంది. ఏ కన్నో కనపడదు. తొమ్మిది కొట్టి ముందుకెళ్తుంది. ఆమె తప్పేం ఉంది? ఇక్కడ చెప్పనిది అక్కడ ఎలా పుడుతుంది? పక్కన అత్తగారు తల మొత్తం ఇటు తిప్పి, ఉన్న ఒక్క కన్నుతో తననే చూస్తోంది.

"కాదండీ" అంది. "కళ్ళు కాదు, ఎడమ కన్ను. మధ్యలో గీతలు వంగుతున్నాయి. కుడి కన్ను మూస్తే ఇంకా బాగా తెలుస్తోంది. రంగులు కూడా వెలిసినట్టున్నాయి."

డాక్టరమ్మ కంప్యూటర్ వదిలి ఇటు తిరిగింది. కుర్చీ దగ్గరికి లాక్కుంది. ఆ తర్వాత చుక్కలు వేశారు, వెలుగు వేసి చూశారు, కంటి లోపలి పొరకి ఫొటోలు తీశారు. ఎడమ కన్నులో చూపుకి ఆయువుపట్టులాంటి చోట పొర కింద నీరు చేరిందని తేలింది. "ఒత్తిడి, నిద్ర లేకపోవడం వల్ల వస్తుంటుంది. చాలామందిలో దానంతట అదే ఇంకుతుంది. ఇంకకపోతే మందుంది. నయం, తొందరగా వచ్చావు. నెల తిరక్కుండా మళ్ళీ చూడాలి. రాత్రి ఒళ్ళెరగకుండా నిద్రపోవాలి. ఆ బాధ్యత మాత్రం నువ్వొక్కదానివే మొయ్యలేవు" అని డాక్టరమ్మ భర్త వైపు చూసింది.

ఆయన ముఖం వాడిపోయింది. "ఎడమ కన్నని నాతో చెప్పలేదే?" అన్నాడు మెల్లగా.

"మీరు అడగలేదండీ" అంది. దెప్పడానికి అనలేదు. జరిగింది అదే.

లేచి నిలబడి, అత్తగారి ఎడమ పక్కకి వచ్చి వంగింది. చుక్కలు వేసిన కళ్ళకి ఆవిడ ముఖం మసకగా ఉంది. "అత్తయ్యా, చూపించుకుంటారా, ఇంటికి వెళ్దామా? మీరెలా అంటే అలాగే" అంది, ఆవిడకి మాత్రమే వినపడేట్టు. అని, ఆగింది.

అత్తగారు గది గుమ్మం వైపు చూసింది. తర్వాత చీర కుచ్చిళ్ళు సర్దుకుని లేచి, కోడలు ఖాళీ చేసిన కుర్చీలో కూర్చుంది.

"అమ్మకేం లేదండీ, అమ్మ బాగానే ఉంది" అన్నాడు కొడుకు కంగారుగా.

డాక్టరమ్మ అప్పటికే వెలుగు అటూ ఇటూ తిప్పి చూసింది. "బాగానే ఉండటమేంటి? మీ అమ్మగారికి ఏ కన్నండీ కనపడనిది?" అని ఆయన్నే అడిగింది.

ఆయన నోరు తెరిచాడు. పుట్టినప్పటి నుంచి చూస్తున్న ముఖం అది. ఈ కన్ను చూశాడు, ఆ కన్ను చూశాడు. ఏదో తెలియలేదు. ఉతికిన చొక్కా ఎక్కడుందో తెలియనప్పుడు చూసినట్టే భార్య వైపు చూశాడు, చెప్పమని.

ఆమెకి తెలుసు. చెప్పలేదు. ఎవరిని అడగాలో ఆ మనిషి అక్కడే కూర్చుని ఉంది.

గదిలో అందరూ ఆగారు.

"కుడిదమ్మా" అంది అత్తగారు, కొడుకు చెయ్యి వెతికి పట్టుకుంటూ. "వీడు తప్పటడుగులు వేసే రోజుల్నుంచి."